ఊరికే కూర్చోవడం

కూర్చుని తింటే కొండలైనా కరిగిపోతాయని మన పెద్దలు హెచ్చరించి పోయారు. బాగానే వుంది. కానీ తినకుండా ఊరికే కూర్చుంటే ఏం కరుగుతుంది? కాలం కరుగుతుంది అంటారు మీరు. అదీ నిజమే. అయితే కాలమనేది మనం కూర్చున్నా కరుగుతుంది, నిలబడ్డా కరుగుతుంది, కుక్కరు ఎన్ని కూతలు కూసిందో లెక్కపెడుతూ పొయ్యి దగ్గర కాపలా కాసినా కరుగుతుంది. మరి వీటిల్లో కూర్చోవడం ఒక్కటే తప్పెందుకయింది? పోనీ, అందరు కూర్చోవడమూ తప్పు కాదు. కొందరు కూర్చుంటే విశ్రాంతి. కొందరు కూర్చుంటే కాలక్షేపం. కొందరు కూర్చుంటే సోమరితనం. ఇంకొందరు కూర్చుంటే మాత్రం, "ఇల్లు పట్టదమ్మా ఈవిడకి!" కూర్చున్న తీరు చూస్తే అందరిదీ ఒక్కటే.

ఈ చిక్కు ప్రశ్నని మనకంటే దర్జాగా ముందు పెట్టుకుని కూర్చున్నవాళ్ళు ఇండొనేషియా దేశపు యువతీయువకులు. పదిహేడు వేలకు పైగా దీవులు, సుమారు ఇరవై ఎనిమిది కోట్ల జనం, అందులో ఇంచుమించు సగంమంది ముప్ఫై దాటనివాళ్ళు. అంత కుర్రదేశంలో కుర్రకారు తీరిక వేళల్లో ఏం చేస్తారని అడిగితే వాళ్ళు చెప్పే మాట ఒకటుంది: "నొంక్రొంగ్". నిఘంటువులో దీనికి అర్థం గొంతుక్కూర్చోవడం అని. ఇంకో అర్థం, పనీపాటా లేక ఊరికే కూర్చోవడం. అంటే నిఘంటువు రాసిన పెద్దమనిషికి కూడా ఆ పని మీద అంత సదభిప్రాయం లేదన్నమాట! పిల్లలు మాత్రం ఆ మాటను మహా ముద్దుగా వాడుకుంటారు. నలుగురు స్నేహితులు ఒకచోట చేరి, ఫలానా పని అంటూ పెట్టుకోకుండా, గంటలకు గంటలు గడిపేయడం నొంక్రొంగ్. సినిమాకి వెళ్ళడం నొంక్రొంగ్ కాదు. సినిమా అయిపోయాక ఇంటికి పోకుండా హాలు మెట్ల మీద కూలబడి కబుర్లు చెప్పుకుంటారే, అదీ నొంక్రొంగ్.

మనకి మాత్రం ఇలాంటి మాటలు లేవా? పిచ్చాపాటీ, బాతాఖానీ, లోకాభిరామాయణం, ఊసుపోక కబుర్లు – ఎన్ని లేవు! కానీ ఏ మాట పలికినా దాని వెనక ఒక చిన్న ఎత్తిపొడుపు వినిపిస్తుంది. వాళ్ళు ఆ ఎత్తిపొడుపును తీసి పక్కన పెట్టేశారు, అంతే తేడా.

కాలం గురించి వాళ్ళ మాటలన్నీ ఇలాగే సరదాగా వుంటాయి. చెప్పిన వేళకి ఎవరూ రాకపోతే "జామ్ కారెత్" అంటారు. అంటే రబ్బరు గంట. ఎంత లాగితే అంత సాగుతుంది. ఏమీ కొనే ఉద్దేశం లేకుండా అంగళ్ళు చూసి రావడం "చుచి మాత", అంటే కళ్ళు కడుక్కోవడం. కదలడానికి బద్ధకం అనే రెండు మాటల్ని కలిపి, ముక్క కోసి "మాగర్" చేశారు. "గబుత్" అని ఇంకొకటి. గాజి అంటే జీతం, బుత అంటే గుడ్డి. పని చెయ్యకుండా పుచ్చుకునే జీతాన్ని గుడ్డి జీతం అనేవారు. దాన్ని కుదించి ఇప్పుడు పిల్లలు "ఏమీ తోచడం లేదు" అనే అర్థంలో వాడుతున్నారు. తోచీ తోచనమ్మ తోడికోడలి పుట్టింటికి వెళ్ళిందని మన సామెత. పాపం, ఆవిడకీ ఇలా నలుగురు స్నేహితురాళ్ళూ ఒక కాఫీకొట్టూ వుండివుంటే, ఆ తోడికోడలి పుట్టింటివాళ్ళకి ఎంత శ్రమ తప్పేదో!

జావా దీవిలో యోగ్యకర్త అని చదువుల ఊరు ఒకటుంది. సాయంకాలమయ్యేసరికి ఆ ఊళ్ళో రోడ్ల పక్కన "అంక్రింగన్" బళ్ళు వెలుస్తాయి. ఒక తోపుడు బండి, పైన టార్పాలిన్, చుట్టూ బల్లలు, పక్కన చాపలు. బండి మీద చిన్న చిన్న అన్నం పొట్లాలు పేర్చి వుంటాయి. గుప్పెడన్నం, కాస్త కారం, ఓ చేప ముక్క. దాన్ని "నాసి కుచింగ్" అంటారు, అంటే పిల్లి అన్నం. పిల్లికి పెట్టేటంతే వుంటుంది కనక ఆ పేరు. స్టేషను దగ్గర బళ్ళలో కాఫీలోకి ఎర్రగా కాలిన బొగ్గు ముక్కని వేసి ఇస్తారు. అది "జోస్" మని చప్పుడు చేస్తుంది కాబట్టి దాని పేరు కోపి జోస్. కాలేజీ పిల్లలు, రిక్షా తొక్కేవాళ్ళు, ఆఫీసు గుమాస్తాలు అందరూ ఆ చాపల మీదే. పిల్లి అన్నం ఒక్కటి తిన్నవాణ్ణి కూడా లేవమనరు.

జావా వాళ్ళ సామెత ఒకటి ఇక్కడ గుర్తు చేసుకోవాలి. తిన్నా తినకపోయినా సరే, కలిసి వుంటే అదే పదివేలు అని దాని తాత్పర్యం. మనం కూర్చోవడాన్నీ తినడాన్నీ కలిపి సామెత చేశాం, కొండలు కరిగిపోతాయని భయపెట్టాం. వాళ్ళు తినడాన్ని తీసేసి కలవడాన్ని నిలుపుకున్నారు. రెండూ అనుభవంలోంచి వచ్చిన మాటలే. ఏది నిజమని అడిగితే చెప్పడం కష్టం.

ఇదంతా విని మీరు మురిసిపోయే లోపలే రెండో వైపు కూడా చూడాలి. చాప మీద కూర్చోవడం వేరు, కుర్చీ కొనుక్కుని కూర్చోవడం వేరు.

2015లో దక్షిణ జకార్తాలో తుకు అనే ఒక చిన్న కొట్టు, పాలూ తాటిబెల్లం లాంటి ఒక చెట్టు బెల్లమూ కలిపిన చల్లని కాఫీ మొదలుపెట్టింది. అది ఊరంతా పాకి, తర్వాత దేశమంతా పాకింది. ఇప్పుడు చిన్న పట్టణాల్లో కూడా అద్దాల గోడలూ, కుండీల్లో మొక్కలూ, ఫోటోకి పనికొచ్చే ఒక మూలా వున్న కాఫీ హోటళ్ళు వెలిశాయి. కాఫీ పండించడంలో పేరున్న దేశం కదా, తమ కాఫీ తాము తాగడం మంచిదే. కానీ అక్కడ కప్పు కాఫీ ఇరవై వేల రుపియా, మన డబ్బుల్లో నూరు రూపాయల పైమాటే. కాఫీకి తగ్గ చొక్కా, చొక్కాకి తగ్గ బూట్లు, అన్నిటికీ తగ్గ ఫోను. డబ్బు లేకపోతే ఫోనులోనే అప్పు దొరుకుతుంది. "ఇప్పుడు కొను, తర్వాత కట్టు" అని ఒకటి, ఆన్‌లైన్ అప్పు అని ఇంకొకటి. ఈ రెండో దానికి పిల్లలు "పింజొల్" అని పొట్టి పేరు పెట్టుకున్నారు. పేరు పొట్టిదే గానీ వడ్డీ పొడుగు. పరువు, ప్రతిష్ఠ అనే అర్థంలో వాళ్ళకి "గెంగ్సి" అనే మాట వుంది. నలుగురిలో తక్కువ కాకూడదనే ఆరాటం. కూర్చోవడానికి కూడా గెంగ్సి అడ్డం పడితే, ఇక అది తీరిక కాదు, అదో రకం ఉద్యోగం. జీతం మనకి రాదు సరిగదా, మనమే ఎదురు ఇచ్చుకోవాలి.

ఈ గెంగ్సిని ఒకసారి బీద పిల్లలు భలేగా ఎదుర్కొన్నారు. అది 2022 జూలై సంగతి. జకార్తా నడిబొడ్డున సుదిర్మన్ వీధి, అద్దాల మేడలు, పెద్ద పెద్ద కంపెనీలు. ఆ పక్కనే దుకు ఆతాస్ అనే చోట రైలు స్టేషన్ల దగ్గర కాలినడక బాటలు కొత్తగా బాగుచేశారు. దూరపు శివార్లయిన చితాయమ్, బొజొంగ్‌గెదె, దెపొక్ నుంచి పదిహేను, పదహారేళ్ళ పిల్లలు లోకల్ రైలెక్కి అక్కడికి రావడం మొదలుపెట్టారు. టిక్కెట్టు మన డబ్బుల్లో పాతిక రూపాయల లోపే. ఒంటి మీద చవగ్గా కొన్న బట్టలు, రకరకాలుగా జత చేసుకున్నవి. రోడ్డు దాటడానికి వేసిన జీబ్రా గీతల మీద అందాల పోటీలో నడిచినట్టు ఒయ్యారంగా నడవడం, తిరిగొచ్చి గట్టు మీద కూర్చోవడం. అంతే వాళ్ళ కార్యక్రమం. ఎవరో దానికి "చితాయమ్ ఫ్యాషన్ వీక్" అని పేరు పెట్టారు. ఆ వ్యాపార కేంద్రాన్ని నాలుగు ఇంగ్లీషు అక్షరాలతో ఎస్సీబీడీ అంటారు. పిల్లల ఊళ్ళ పేర్లు వరసగా చెబితే, సుదిర్మన్, చితాయమ్, బొజొంగ్‌గెదె, దెపొక్, అదే నాలుగక్షరాలూ వస్తాయి. అలా కోటీశ్వరుల చిరునామాని శివారు పిల్లలు తమ పేర రాయించేసుకున్నారు.

తర్వాత ఏమయిందో వినండి. అప్పటి జకార్తా గవర్నరు అనీస్ బస్వేదన్ కూడా వచ్చి ఆ గీతల మీద నడిచారు. పేరున్న తారలు వచ్చారు. చివరికి ఒక సినిమా ప్రముఖుడి కంపెనీ ఆ పేరును ట్రేడ్‌మార్కుగా తమ సొంతం చెయ్యమని దరఖాస్తు పెట్టింది! జనం ముక్కున వేలేసుకున్నారు, గట్టిగా మందలించారు, దరఖాస్తు వెనక్కి తీసుకున్నారు. ఇంకోవైపు, రాకపోకలకు అడ్డమనీ చెత్త పేరుకుపోతోందనీ అధికారులు పిల్లల్ని చెదరగొట్టారు. ఆగస్టు వచ్చేసరికి సందడి సద్దుమణిగింది.

ఆ పిల్లలు దొంగతనం చెయ్యలేదు, కొట్లాడలేదు. వాళ్ళు చేసిందల్లా కనిపించడం. పనివాళ్ళుగా, డెలివరీ కుర్రాళ్ళుగా, మేడలు తుడిచేవాళ్ళుగా అదే వీధిలోకి వచ్చివుంటే ఎవరూ వాళ్ళని చూసేవారు కాదు, పొమ్మనేవారూ కాదు. ఏ పనీ లేకుండా వచ్చారు కాబట్టే అందరి కంటా పడ్డారు. అదే గట్టు మీద మేడలోని ఉద్యోగి కూర్చుని కాఫీ తాగితే అది విరామం. శివారు కుర్రాడు కూర్చుంటే అడ్డం. కూర్చోవడంలో తప్పు లేదు, కూర్చునే హక్కు ఎవరిదనే దగ్గరే తిరకాసు వుంది.

ఊరికే కూర్చునే కుర్రవాళ్ళ వల్ల దేశానికి ఏం ఒరిగిందని అడిగేవాళ్ళకి ఇండొనేషియా చరిత్రే ఒక జవాబు చెబుతుంది. ఆ దేశానికి ఇవాళ ఒక ఉమ్మడి భాష వుందంటే దాని వెనక ఒక అద్దె ఇల్లు వుంది. డచ్చివాళ్ళ పాలనలో వున్న రోజుల్లో, ఇప్పటి జకార్తాలో క్రమత్ వీధి 106వ నంబరు ఇంట్లో చదువుకునే కుర్రాళ్ళు గదులు తీసుకుని వుండేవారు. నానా దీవుల పిల్లలు, నానా భాషల వాళ్ళు. తినడం, చదవడం, వాదించుకోవడం అన్నీ అక్కడే. 1928 అక్టోబరు 28న యువజన మహాసభ చివరి సమావేశం ఆ ఇంట్లోనే జరిగింది. ఒకే దేశం, ఒకే జాతి, ఒకే ఉమ్మడి భాష అని అక్కడ ప్రతిన పూనారు. జావా భాష మాట్లాడేవాళ్ళే అందరికంటే ఎక్కువమంది. అయినా, కొద్దిమందికే తల్లిభాష అయిన మలయా భాషని అందరి భాషగా ఒప్పుకున్నారు. ఆ సభలోనే సుప్రత్మాన్ అనే ఆయన, తర్వాత జాతీయగీతం అయిన పాటని, మాటలు లేకుండా వయొలిన్ మీద వాయించాడు. ఎవరింట్లో వాళ్ళు తలుపులేసుకుని పాఠాలు వల్లిస్తూ వుంటే ఆ ఒప్పందం కుదిరేదా? ఒకరి మాట ఒకరికి అర్థం కావాలంటే ముందు పక్కపక్కన కూర్చోవాలి. ఆ కూర్చోవడానికి ముందుగా లాభం లెక్క కట్టడం ఎవరి తరమూ కాదు.

ఇంతవరకూ చెప్పింది ఎక్కువగా మగపిల్లల సంగతి. ఇక మన సంగతికి వద్దాం.

ఇండొనేషియా భాషలో భార్యని "ఇస్త్రి" అంటారు. మన స్త్రీ శబ్దమే. భర్తని "సువామి" అంటారు. మన స్వామే. సంస్కృతం ఓడలెక్కి వెళ్ళి అక్కడ స్థిరపడిన రోజుల నాటి మాటలివి. మనకి ఇస్త్రీ అంటే బట్టలకు చేసేది. ఏ దేశంలో అయినా స్వాముల చొక్కాలకి ఇస్త్రీలే దిక్కు కదా, అర్థం పెద్దగా మారలేదనుకోవాలి!

ఈ ఇస్త్రీలు అక్కడ ఊరికే కూర్చోగలరా? తరతరాలుగా వాళ్ళకో ఉపాయం వుంది, పేరు "అరిసన్". ఇరుగుపొరుగు ఆడవాళ్ళు నెలకోసారి ఒకరింట్లో చేరతారు. తలా ఇంత డబ్బు వేస్తారు. చీటీ తీస్తారు. ఎవరి పేరు వస్తే ఆ నెల డబ్బంతా వాళ్ళకి. మన చీటీపాటకి చెల్లెలు, పేరంటానికి పినతల్లి కూతురు. డబ్బు ఒక మిష మాత్రమే. పలహారాలు, నవ్వులు, కష్టసుఖాలు, అసలు సంగతి అదీ. మన నోములూ పేరంటాలూ మాత్రం ఏం చేశాయి? వాయనం ఇచ్చి రావాలి అన్నప్పుడే గడప దాటడానికి వీలయ్యేది. వాయనానికి రెండు నిమిషాలు, కబుర్లకి రెండు గంటలు. మగవాడు అరుగు మీద కూర్చోవడానికి మిష అక్కర్లేదు. ఆడదానికి పసుపూ కుంకుమో, చీటీ డబ్బో, ఏదో ఒకటి చేతిలో వుండాలి. ఊరికే వచ్చానని చెప్పకూడదు.

ఇప్పుడు అక్కడి ఆడపిల్లలు చేస్తున్న కొత్త పని ఏమిటంటే, ఆ మిషని వదిలేయడం. తలకి హిజాబ్ చుట్టుకున్నవాళ్ళూ, చుట్టుకోనివాళ్ళూ, నలుగురు కలిసి ఒక కాఫీ కొట్టులోనో పార్కు మెట్ల మీదో కూర్చుంటారు. ఎందుకు కూర్చున్నారంటే జవాబు లేదు. "ఊరికే." చూడ్డానికి ఇది చిన్న విషయంలాగే వుంటుంది. కానీ అది అంత చిన్నదైతే దాన్ని ఆపడానికి కాగితాలు జారీ చేసేవాళ్ళు కాదు. సుమత్రా దీవి కొసన అచె రాష్ట్రం వుంది. కాఫీ కొట్లకి పెట్టింది పేరు. 2018లో అక్కడి బిరెయున్ జిల్లా అధికారులు ఒక సర్క్యులర్ పంపించారు. భర్తగానీ దగ్గరి బంధువుగానీ కాని మగవాడితో ఆడవాళ్ళు ఒకే బల్ల దగ్గర కూర్చోకూడదట. రాత్రి తొమ్మిది దాటాక ఇంటి మగవాళ్ళు వెంట లేని ఆడవాళ్ళకి కాఫీ కొట్లలో ఏమీ ఇవ్వకూడదట. ఆడవాళ్ళ గౌరవం కోసమే ఇదంతా అన్నారు. మన గౌరవం ఎప్పుడూ ఇంతే, ఇంట్లో వుంటే నిలుస్తుంది, కుర్చీలో కూర్చుంటే జారిపోతుంది!

అచె సంగతి వేరనుకుందాం. అక్కడ మతశాసనం నడుస్తుంది. మిగతా దేశంలో ఇలాంటి సర్క్యులర్ల అవసరం లేదు, చుట్టాలు చాలు. రంజాను పండక్కి పట్నాల్లోని పిల్లలంతా సొంత ఊళ్ళకి వెళతారు. దాన్ని "ముదిక్" అంటారు. బస్సులూ రైళ్ళూ ఓడలూ కిటకిటలాడుతూ కోట్లమంది ఇళ్ళకి చేరతారు. చేరిన మరుక్షణం పెళ్ళికాని పిల్లకి ఎదురయ్యే ప్రశ్న, "కపన్ నికా?" పెళ్ళెప్పుడు? తర్జుమా చెయ్యక్కర్లేదు కదా, స్వరంతో సహా మనకి తెలిసిన ప్రశ్నే. ఈ ప్రశ్నకి ఆ తరం ఇప్పుడు అంకెలతో జవాబు చెబుతోంది. 2018లో ఆ దేశంలో ఇరవై లక్షల పెళ్ళిళ్ళు నమోదయ్యాయి. 2024 వచ్చేసరికి అవి పదిహేను లక్షల లోపుకు పడిపోయాయి. 2024లోనే అక్కడి అమ్మాయిలు పెళ్ళంటే భయం అనే అర్థం వచ్చే ఒక ఇంగ్లీషు మాట పట్టుకుని, ఎలాంటి మొగుడు వస్తాడోనన్న తమ బెంగల్ని ఫోనులో ఒకరితో ఒకరు చెప్పుకున్నారు. ఇంటి పని నీదేననేవాడు, అమ్మ మాటే వేదమనేవాడు, ఇలా ఎన్నో రకాలు.

ఉద్యోగాల కొరత, ఇళ్ళ ధరలు, పెద్ద చదువులు, కారణాలు చాలా వున్నాయి. నాకు మాత్రం అందులో ఇంకొకటి కూడా వినిపిస్తుంది. వాళ్ళు పెళ్ళికి భయపడుతున్నారో, పెళ్ళయ్యాక ఇక ఎప్పటికీ కూర్చోలేమని భయపడుతున్నారో! అమ్మని చూశారు కదా. పొద్దున్న లేచిన దగ్గర్నుంచి ఆవిడ కూర్చున్న ఫోటో ఒక్కటీ వుండదు.

ఇక్కడ ప్రభుత్వం వారి లెక్కలు కూడా ఒక తమాషా చేస్తాయి. 2025 ఫిబ్రవరి నాటికి ఇండొనేషియాలో పదిహేనేళ్ళు దాటిన మగవాళ్ళలో నూటికి సుమారు 84 మంది పనిచేస్తున్నవాళ్ళు, లేదా పని వెతుక్కుంటున్నవాళ్ళు. ఆడవాళ్ళలో సుమారు 57 మంది. మిగతా ఆడవాళ్ళు? "శ్రామికశక్తిలో లేనివారు" అనే గడిలో వుంటారు. ఆ గడిలో ఒక కొమ్మ "ఇల్లు చూసుకునేవారు". అంటే అన్నం వండి, బట్టలుతికి, ముసలివాళ్ళకి మందులిచ్చి, పిల్లలకి పాఠాలు చెప్పి, అర్ధరాత్రి వరకూ కాళ్ళ మీద నిలబడ్డ మనిషి, లెక్కల పుస్తకంలో పని చెయ్యని మనిషి! నిలబడినా ఊరికే కూర్చున్నట్టే రాసే దేశాల్లో, నిజంగా ఊరికే కూర్చున్న అమ్మాయిని చూసి జనం ఉలిక్కిపడడంలో ఆశ్చర్యం ఏముంది?

అయితే ఒక మాట తేల్చుకోవాలి. కూర్చోవడం, ఎదురు చూడడం, ఈ రెండూ చూడ్డానికి ఒకేలా వుంటాయి. ఒకటి కాదు. జకార్తాలో ఏ కూడలిలో చూసినా ఆకుపచ్చ కోట్లు తొడుక్కున్న కుర్రాళ్ళు మోటారు సైకిళ్ళ మీద కూర్చుని వుంటారు. ఫోను మోగితే మనిషినో భోజనం పొట్లాన్నో ఎక్కించుకుని పోతారు. అలా మోగే వరకూ వాళ్ళు చేసేది నొంక్రొంగ్ కాదు, కాపలా. ఆ సమయానికి ఎవరూ డబ్బివ్వరు. 2025 ఫిబ్రవరి లెక్కల్లోనే, పని కావాలనుకునే పదిహేను నుంచి ఇరవై నాలుగేళ్ళ పిల్లల్లో నూటికి 16 మందికి పని లేదు. వాళ్ళు కాఫీ కొట్టులో కూర్చుంటే దాన్ని తీరిక అనడం వెక్కిరించడమే. తీరిక అంటే లేచి వెళ్ళడానికి ఒక చోటు వుండి, వెళ్ళకుండా కూర్చోవడం. వెళ్ళడానికి చోటే లేక కూర్చోవడం వేరే సంగతి.

అలా కూర్చున్నవాళ్ళు ఒకనాడు లేచారు కూడా. 2025 ఆగస్టులో పార్లమెంటు సభ్యులకి నెలకి ఐదు కోట్ల రుపియా ఇంటి భత్యం ఇస్తున్నారని తెలిసింది. జకార్తా కనీస వేతనానికి అది దాదాపు పది రెట్లు. విద్యార్థులూ కార్మికులూ వీధుల్లోకి వచ్చారు. ఆగస్టు 28 రాత్రి, మోటారు సైకిలు నడుపుకునే ఇరవై ఒక్కేళ్ళ కుర్రవాడు పోలీసుల సాయుధ వాహనం కింద పడి చనిపోయాడు. దేశం అట్టుడికిపోయింది. ఆ రోజుల్లో పిల్లలు ఫోనుల్లో తమ ఫోటోలకి రెండు రంగులు పులిమారు. ఒకటి ఆ కుర్రాడి కోటు ఆకుపచ్చ. రెండోది గులాబి రంగు, పోలీసుల వరస ఎదుట ఒంటరిగా నిలబడ్డ ఒక తల్లి వయసు స్త్రీ హిజాబ్ రంగు. భత్యం రద్దయింది. పోయిన ప్రాణం పోయింది. ఫ్యాషన్ పిల్లలని, ఫోను పిల్లలని, సోమరులని పేరు పడ్డ తరం, ఒక డెలివరీ కుర్రాడి కోటునీ ఒక అమ్మ ముసుగునీ తమ జెండా చేసుకుంది. ఒకరి బతుకు ఒకరికి తెలియకపోతే ఆ రంగులు ఎలా తోస్తాయి? చాపల మీద గడిచిన సాయంకాలాలు అందుకు కొంతైనా తోడ్పడలేదని నేను అనుకోలేను.

మరి ఊరికే కూర్చోవడం మంచిదా, చెడ్డదా? గడియారం చూసి చెప్పగలిగేది కాదు. నాకు తోచిన కొలత ఒకటుంది. మనం కూర్చున్నంతసేపూ మన కోసం ఎవరు నిలబడి వున్నారు? వాళ్ళకీ కూర్చునే వంతు వస్తుందా? కొడుకు అర్ధరాత్రి వరకూ స్నేహితులతో కూర్చుని వస్తే అన్నం మూత పెట్టి మేలుకుని వుండే అమ్మ వున్నప్పుడు, వాడి తీరికలో సగం అమ్మ దగ్గర అప్పు తెచ్చుకున్నదే. ఫోనులో తెచ్చిన అప్పుకి వడ్డీ వుంది, దీనికి లేదు, అందుకే ఎవరికీ గుర్తుండదు. ఆ కొడుకు ఒకరోజు తానే గిన్నెలు కడిగి అమ్మని పక్కింటి అరిసన్‌కి పంపితే, ఇక ఎంతసేపు కూర్చున్నా నాకు అభ్యంతరం లేదు. అందరికీ వంతు వచ్చే చోట కూర్చోవడం తప్పు కాదు, స్నేహం. ఒకరే ఎప్పుడూ కూర్చుని ఒకరే ఎప్పుడూ నిలబడే చోట, ఆ కూర్చోవడం ఎంత పవిత్రమైన అరుగు మీదైనా, ఎంత అందమైన కాఫీ హోటల్లోనైనా, అన్యాయమే.

యోగ్యకర్త పిల్లలు చాప మీద తొందరగా సర్దుకుని, కొత్తగా వచ్చినవాళ్ళకి చోటు ఇస్తారు. మనింట్లో సోఫా వుంది, కుర్చీలున్నాయి, చోటుకేం లోటు లేదు. ఇల్లంతా సర్దేసి, అందరికీ వడ్డించేసి, "ఇదుగో, ఇప్పుడే వస్తున్నా" అంటూ వంటింట్లోంచి జవాబు చెప్పే ఆవిడ ఒకరు ప్రతి ఇంట్లోనూ వున్నారు. ఆవిడ ఏ పనీ చేతిలో పెట్టుకోకుండా, చిక్కుళ్ళు గిల్లకుండా, బట్టలు మడతపెట్టకుండా, ఊరికే వచ్చి కూర్చుంటే ఇంట్లో ఎవరైనా "ఏం, ఒంట్లో బాగాలేదా?" అని అడుగుతారేమో చూడండి. అడిగితే, ఇంకా చాలా దూరం పోవాలన్నమాట.